ఒక్క జవాబు అడిగే నాన్న

"లెక్క చెప్పు, లేకపోతే తెలుగు చెప్పు, రెండూ ఒకేసారి వద్దు నాన్నా" అని మా అమ్మాయి తేల్చి చెప్పింది. బడిలో ఇచ్చిన అసమీకరణాల (సమానం గుర్తుకు బదులు ≥, ≤ గుర్తులుండే లెక్కల) పద సమస్యలను తెలుగులోకి తిరగరాసి, x, y లాంటి చలరాశులకు కూడా తెలుగు అక్షరాలే పెట్టి ఇచ్చాను. స్వామికార్యమూ స్వకార్యమూ కలిసివస్తాయన్నది నా ఆశ. ఆమె పట్టించుకున్నది ఆ రెండో కార్యాన్నే.

లెక్క ఇది. బాస్కెట్‌బాల్ ఆటలో ఒక క్రీడాకారిణికి ఇప్పటికే 8 పాయింట్లు ఉన్నాయి. ఆట ముగిసేసరికి ఆమె స్కోరు 20కి తగ్గకూడదు. ఒక్కో పాయింటు ఇచ్చే ఫ్రీ త్రోలను పక్కన పెడితే రెండు పాయింట్ల బాస్కెట్లు ఎన్ని, మూడు పాయింట్లవి ఎన్ని వేయాలి? వీటిని వరుసగా 'ర', 'మ' అనుకుంటే 8 + 2ర + 3మ ≥ 20 అవుతుంది, అంటే 2ర + 3మ ≥ 12. (అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్‌బీఏలో మూడు పాయింట్ల గీత 1979–80 సీజన్‌లో వచ్చింది, అంతకు ముందు ఆటలకైతే 'మ'తో పనే లేదు, 2ర ≥ 12 సరిపోయేది.) మా అమ్మాయి 'ర'కు 5, 'మ'కు 1 వేసి, 13 వచ్చిందని చూపించి పెన్సిలు పక్కన పెట్టేసింది. సరిగ్గా 12 వచ్చేలా చేయమన్నాను. "ఎందుకు? 13 వస్తే ఆమెను ఆటలోంచి తీసేస్తారా?" అని అడిగింది.

నేను చదువుకున్న లెక్కల్లో చివర గీత గీసి దాని కింద రాయడానికి ఒకే సంఖ్య ఉండేది; అది పుస్తకం వెనక పుటలోని సంఖ్యతో కలిస్తే ఊపిరి పీల్చుకునేవాళ్లం. అసమీకరణాలు నేనూ చదివాను, పరీక్షల్లో మార్కులూ తెచ్చుకున్నాను. అయినా పిల్ల పక్కన కూర్చునే సరికి నా చూపు ఆ ఒక్క సంఖ్యనే వెతుకుతుంది.

ఇలాంటి లెక్కలకు పిల్లలతో కూర్చునే తల్లిదండ్రులకు నేను చెప్పేది, ≥ పెట్టాలా ≤ పెట్టాలా అని గుర్తు కోసం తొందరపడవద్దని. తెలియనివి ఏవో, ఒక్కొక్కదానికి ఎన్ని పాయింట్లో ముందు పిల్లల చేతే చెప్పించి, తర్వాత ఒక చిన్న స్కోరు, ఒక పెద్ద స్కోరు వేసి ఏది చెల్లుతుందో చూడమంటే, గుర్తు ఎటు తిరగాలో వాళ్లకే తెలుస్తుంది. సంఖ్యలు సున్నాకు తగ్గకూడదని, సగం బాస్కెట్ అంటూ ఉండదని కూడా వాళ్లచేతే చెప్పించాలి. ఆ తర్వాత ఇంకొక షరతు కలపవచ్చు. ఇక ఐదు బాస్కెట్లకు మించి వేసే సమయం లేదంటే ర + మ ≤ 5. అంతవరకు అంతులేకుండా ఉన్న జవాబులు ఒక్కసారిగా ఐదుకు దిగుతాయి: 'ర', 'మ' విలువలు జతలుగా (0, 4), (1, 4), (0, 5), (2, 3), (3, 2). మా అమ్మాయి మొదట ఇచ్చిన జవాబు ఇప్పుడు చెల్లదు, ఎందుకంటే దానికి ఆరు బాస్కెట్లు కావాలి. అది ఆమే చెప్పింది, నేను అడగకముందే.

లెక్కనూ తెలుగునూ ఇక కలపనని మాట ఇచ్చి, ఆ వారాంతంలోనే క్రికెట్ లెక్క ఒకటి తెలుగులో రాసి ఆమె ముందు పెట్టాను. గెలవడానికి ఇంకా 51 పరుగులు కావాలి, అన్నీ ఫోర్లు, సిక్సర్లతోనే రావాలి. ఆ ఆటను ఆమె పట్టుమని పది నిమిషాలు కూడా చూడదు. నాలుగూ ఆరూ సరిసంఖ్యలు కాబట్టి ఎన్ని కలిపినా 51 రాదని, నా సమానం గుర్తును నమ్ముకుంటే ఈ జట్టు ఎప్పటికీ గెలవదని చెప్పి, ఎనిమిది సిక్సర్లూ ఒక ఫోరూ కొడితే 52 అవుతుందని రాసింది. నిజానికి ఛేదనలో జరిగేదీ అదే: లక్ష్యం 151, స్కోరు 150 ఉన్నప్పుడు సిక్సర్ కొడితే ఆరు పరుగులూ లెక్కలోకి వచ్చి స్కోరు 156 దగ్గర ఆగుతుంది. చిన్నప్పటి నుంచి చూస్తున్న ఆటలో అసమీకరణం ఉందని, ఆ ఆట అక్కరలేని పిల్ల నాకు చూపించింది. గర్వపడాలో, ఆమెకు క్రికెట్ అంటించలేకపోయినందుకు బాధపడాలో తెలియక రెండూ కొంచెం కొంచెం పడ్డాను.

బాస్కెట్‌బాల్ లెక్క గ్రాఫు దగ్గర మళ్లీ పేచీ వచ్చింది. 2ర + 3మ = 12 గీత మీద, దాని పై వైపున ఉన్న ప్రాంతమంతా షేడ్ చేయాలని కాగితంలో ఉంది. ఆమె పూర్ణాంకాలు పడే చోట మాత్రమే చుక్కలు పెట్టింది, రెండున్నర బాస్కెట్లు ఎవరూ వేయరు కనుక. సగం బాస్కెట్ ఉండదని చెప్పించినవాణ్నే నేను. అయినా అడిగినట్టే షేడ్ చేయమన్నాను. అది మార్కుల కోసం చెప్పానో, ఒక్క విషయంలోనైనా నా మాట నెగ్గాలని చెప్పానో నాకే తేలలేదు. చుక్కలు పెట్టిన కాగితాన్నే ఆమె ఇచ్చి వచ్చింది. మార్కులు ఇంకా రాలేదు.