పర్లాకిమిడిలో ఒక లక్ష్మీవారం

పాతపట్నంలో ఆటో ఎక్కి కాళ్లు చాపుకునేలోపే పర్లాకిమిడి వచ్చేసింది. షాపుల బోర్డులు ఒడియాలో కనబడితేగాని రాష్ట్రం మారిందని తెలియలేదు.

మా అమ్మమ్మ పుట్టిల్లు ఇక్కడే. 1900లో నౌపడ నుంచి నడవడం మొదలైన రాజావారి చిన్న రైల్లోనే అత్తారింటికి వెళ్లిందట. ఆ రైలు 2004లో ఆగిపోయింది, 2010లో పెద్ద లైను వచ్చింది. ఇంటి ఆనవాళ్లుగా అమ్మకు గుర్తున్నవి రెండే: కోట వెనక వీధి, చివర నుయ్యి. "ఇంటిపేరు చెప్పు, ఎవరైనా చూపిస్తారు" అని భరోసాగా పంపింది. అరగంట తిరిగాను, ఎవరూ చూపించలేదు.

కోటను బయటినుంచే చూశాను. మద్రాసు సెనేట్ హౌస్ కట్టిన చిషోమ్ దీనికీ ప్లాను గీశాడు. అంత పెద్ద భవంతి కంటే వెనక సందులే నాకు నచ్చాయి. ఒక ఇంటి అరుగు అయ్యేచోట పక్కింటి అరుగు మొదలవుతుంది, మధ్యలో గోడే. కొన్ని ఇళ్లకు పెంకులు, కొన్నిటికి రేకులు, మధ్యమధ్య గ్రానైట్ మెట్లతో మూడంతస్తులు. సందులోంచి తలెత్తితే ఎదురుగా కొండ.

ఒక అరుగు మీద చిక్కుళ్లు ఒలుస్తున్న పెద్దావిణ్ణి వచ్చీరాని హిందీలో అడిగాను. ఆవిడ నన్ను ఎగాదిగా చూసి, "ఎవులమ్మా నువ్వు, ఎవులి కోసం?" అంది. సిగ్గేసింది.

ఆ రోజు మార్గశిర లక్ష్మీవారం. గడప ముందు ఒక పక్క పొడిపిండితో చుక్కల ముగ్గు. రెండో పక్క ఎర్రమట్టి అలికిన నేల మీద తడిపిండితో వరి కంకులు, లోపలికి నడుస్తున్న లక్ష్మీదేవి పాదాలు. చుక్కల ముగ్గు అత్తగారిది. పాదాలు కోడలివి, ఆ అమ్మాయిది బరంపురం దగ్గర ఒడియా ఇల్లు. రుబ్బిన పిండిలో వేళ్లు ముంచి ఒక్కో గింజా చుక్కలా పెట్టుకుంటూ పోయిందట. దాన్ని వాళ్లు ఝోటి అంటారు. లోపల పీట మీద మాణ, అంటే మన కుంచం లాంటి కొలత పాత్ర, దాన్నిండా కొత్త ధాన్యం. ఆ అమ్మాయికిది మాణబసా, అత్తగారికి లక్ష్మీవార వ్రతం. పూజ ఒక్కటే చేస్తారు. పళ్లెంలో పెట్టిచ్చింది అత్తగారికి అరిసె, కోడలికి అరిసా పిఠా. నేను రెండు తిన్నాను, ఏ భాషలోనో అడక్కండి.

గిడుగు రామమూర్తి పంతులుగారు ఏళ్ల తరబడి పాఠాలు చెప్పిన ఊరిది. సవర గిరిజనులను ఇంటికి పిలిచి వాళ్ల భాష నేర్చుకున్నదీ ఇక్కడే. 1936 ఏప్రిల్ 1న ఒడిశా రాష్ట్రం ఏర్పడి ఊరు అటు పోతే, ఆయన రాజమహేంద్రవరం వెళ్లిపోయారు. ఆ రాష్ట్రం కోసం పట్టుబట్టిన కృష్ణచంద్ర గజపతి ఈ కోట రాజే, 1937లో అక్కడ మొదటి ప్రధానమంత్రి (అప్పట్లో ముఖ్యమంత్రిని అలాగే అనేవారు) కూడా. ఇదంతా చదివి, కొంత కోపంతోనే వచ్చాను. పెద్దావిడకు ఆ గొడవేమీ పట్టలేదు. "ఎల్లినోళ్లు ఎల్లారు, ఉన్నోళ్లం ఉన్నాం. పిల్లలకి బళ్లో ఒడియా, ఇంట్లో మన మాట. రాయడమే రాదు" అంటూ చిక్కుళ్ల చేట పక్కకు జరిపింది.

అమ్మమ్మ ఇంటిపేరు ఆవిడా వినలేదు. నుయ్యి సంగతి అడిగితే మాత్రం నవ్వింది. "నుయ్యా? అదిగో, దాని మీదే కూరలమ్మి కూకుంది."

నిజమే. నూతి నోటికి సిమెంటు పలక వేసేశారు, దాని మీద గోనెపట్టా, వంకాయలు, తక్కెడ. అమ్మకు ఫోన్ చేసి నుయ్యి దొరికిందని చెప్పాను.

"నీళ్లున్నాయా?" అంది.

కూరలమ్మిని లేవమనలేక పావుకిలో వంకాయలు తీసుకున్నాను.