తాత తీసిన ఫొటోలు, మనవడు కూర్చిన చిత్రాలు

మా నాయనమ్మ పోయాక, తాతయ్యతో కలిసి ఉన్న ఆమె పటం ఒకటి గోడకు పెడదామంటే, వాళ్లిద్దరూ కలిసి దిగిన ఫొటో ఇంట్లో ఒక్కటీ దొరకలేదు. ముప్పయ్యో ఏటనే కన్నుమూసిన తాతయ్య పాత ఫొటోనూ, డెబ్బయ్ దాటాక పింఛను కాగితాల కోసం నాయనమ్మ దిగిన ఫొటోనూ తీసుకెళ్తే, స్టూడియో అతను రెండింటినీ కంప్యూటర్‌లో కలిపి, తాతయ్యకు కోటు తొడిగి, వెనక నీలం పరదా వేసి ఇచ్చాడు. "తల్లీకొడుకుల్లా ఉన్నారు" అని మా అత్తయ్య దాన్ని లోపలి గదిలోకి మార్పించింది.

కళాకారుడు వివాన్ సుందరం 2001–02లో చేసిన 'రీ-టేక్ ఆఫ్ అమృత' చిత్రాలు చూస్తున్నంతసేపూ నాకు ఆ పటమే కళ్లముందు మెదిలింది. చిత్రకారిణి అమృతా షేర్‌గిల్ ఆయనకు పెద్దమ్మ. ఆమె 1941 డిసెంబరులో లాహోరులో 28 ఏళ్లకే చనిపోయింది, ఆయన పుట్టింది 1943లో. తాను ఎన్నడూ చూడని ఆ మనిషి కోసం ఆయన తన మాతామహుడు ఉమ్రావ్ సింగ్ తీసిన ఫొటోలను ఆశ్రయించారు.

ఈ ఉమ్రావ్ సింగ్ సంస్కృతం, పారశీకం చదివిన పండితుడు. ఫొటోగ్రఫీ ఆయన వృత్తి కాకపోయినా, దశాబ్దాల పాటు తననూ, హంగేరీ గాయని అయిన భార్యనూ, ఇద్దరు కూతుళ్లనూ బుడాపెస్టులో, సిమ్లాలో, పారిస్‌లో ఫొటోలు తీస్తూనే ఉన్నారు. 1930లో పదిహేను రోజుల ఉపవాసం చేసి, చిక్కిన తన ఒంటిని తానే ఫొటో తీసుకున్న మనిషి ఆయన. వేషం, భంగిమ, అద్దం అన్నీ ఆలోచించి అమర్చుకునేవారు కాబట్టి, ఆ ఫొటోలను 'ఉన్నది ఉన్నట్టు' తీసినవని అనుకోవడం మన అమాయకత్వమే.

సుందరం అంతకుముందే, 1983–84లో, ఇదే కుటుంబాన్ని తైలవర్ణాల్లో చిత్రించారు. ఈసారి కుంచెను పక్కనపెట్టి, పాత ఫొటోలను స్కాన్ చేసి, వేర్వేరు ఊళ్లలో వేర్వేరు ఏళ్లలో దిగిన తండ్రినీ కూతురినీ కంప్యూటర్‌లో ఒకే గదిలోకి తెచ్చారు. నలుపు తెలుపులను అలాగే ఉంచి, వెలుతురు ఒకే కిటికీలోంచి పడుతున్నదనిపించేలా నీడలను కలిపారు. అతుకు కోసం వెతికితే దొరకదు. అయినా ఇందులో మోసం లేదనే నా అభిప్రాయం, ఎందుకంటే ఏ మనిషి ఏ ఊళ్లో, ఏ ఏడాది దిగిన ఫొటోలోంచి వచ్చిందో చిత్రం కింది వివరంలోనే రాసి పెట్టారు. మా అత్తయ్యను ఇబ్బంది పెట్టిన ఆ వయసుల తేడాయే ఇక్కడ అసలు విషయం. తన కూతురు పోయాక పన్నెండేళ్లకు పైగా బతికిన తండ్రి ముసలి ముఖం పక్కన ఆ కూతురు యవ్వనంలోనే ఆగిపోయి కనిపించినప్పుడు, విడివిడి ఫొటోల్లో ఎక్కడా లేని దుఃఖం ఆ రెండింటి మధ్య ఖాళీలో తెలుస్తుంది.

మా పటం చేసేటప్పుడు స్టూడియో అతను "అమ్మగారి ముడతలు తీసేయమంటారా, ఇద్దరూ ఈడూజోడుగా ఉంటారు" అని అడిగాడట. నాన్న వద్దన్నారు.