నా గర్భసంచి నాకుంది

మా పాప పుట్టిన రెండో రోజునే నాకు కాపర్ టీ వేశారు. పదేళ్ళు పనిచేస్తుందని కార్డు మీద రాసిచ్చారు. ఎనిమిదేళ్ళు అది నా ఒంట్లో ఉందన్న ధ్యాసే లేదు. కిందటేడు సంక్రాంతికి మా ఆయన కువైట్ నుంచి సెలవు మీద వచ్చారు. కలిసిన ప్రతిసారీ మర్నాడు పొద్దున బట్టకి రక్తం అంటేది. ఆయన తిరిగి విమానం ఎక్కేదాకా నోరు విప్పలేదు.

తెల్లబట్ట కూడా ఎక్కువయ్యాక అత్తయ్యగారిని తోడు తీసుకుని దగ్గర్లోని ఒక నర్సింగ్ హోమ్‌కి వెళ్ళాను. డాక్టరమ్మ రెండు నిమిషాలు చూసి, గ్లౌజులు విప్పుతూనే చెప్పేసింది. "కాపర్ టీ దారం కనపడట్లేదు, లూపు లోపల గుచ్చుకుపోయి ఉంటుంది. గర్భసంచి ముఖద్వారమంతా పుండు. కేన్సర్‌లోకి దిగకముందే తీయించేసుకో. ఇద్దరు పిల్లలున్నారుగా, ఇంక ఆ సంచితో నీకు పనేముంది?" స్కాన్ లేదు, పరీక్ష లేదు. నాకప్పటికి 34 ఏళ్ళు. వచ్చే సోమవారం ఆపరేషన్‌కి పేరు కూడా రాసేసుకున్నారు.

ఆ రాత్రి కరెంటు పోయింది. పిల్లలిద్దరూ నా రెండు చేతుల మీదా పడి నిద్రపోయారు. దొడ్లో కొబ్బరికాయ రాలినప్పుడల్లా గుండె జారిపోయేది. పాప జడ ఎవరు వేస్తారు, పెద్దమనిషైతే దగ్గర ఎవరుంటారు అనుకుంటూ కూర్చున్నాను. కువైట్‌కి ఫోన్ చేద్దామని మూడుసార్లు తీసి మూడుసార్లు పక్కన పెట్టాను. తెల్లారేలోగా అంతర్వేది స్వామికి తలనీలాలు మొక్కుకున్నాను. కేన్సర్ అన్న మాట కన్నా "పనేముంది" అన్న మాటే ఆ రాత్రంతా చెవిలో తిరిగింది. పాతసామాను గురించి కూడా అలా మాట్లాడరు.

మా అమ్మ వైపు పిన్నికి 28 ఏళ్ళకే తీసేశారు. తెల్లబట్ట అవుతోందనే. ఆ తర్వాత నడుం నొప్పులు, ఒంట్లో ఆవిర్లు, ఆవిడ కోలుకోనే లేదు. 2015-16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో ఉంది: 15 నుంచి 49 ఏళ్ళ మధ్య ఆడవాళ్ళలో గర్భసంచి తీయించుకున్నవాళ్ళు దేశం మొత్తం మీద నూటికి ముగ్గురు, మన ఆంధ్రాలో దాదాపు తొమ్మిదిమంది. ఆ తొమ్మిదిలో మా పిన్ని ఒకతె.

నన్ను ఆపింది మా ఊరి ఆశా కార్యకర్త. "ముక్క పరీక్ష చెయ్యకుండా సంతకం పెట్టకక్కా" అంది. ఆ పిల్ల రుణం తీర్చుకోలేను.

అమలాపురం మీదుగా, ఎదుర్లంక వంతెన దాటి కాకినాడ వెళ్ళాం. అక్కడ స్కాన్‌లో కాపర్ టీ ఉండాల్సిన చోటే ఉంది. కాన్పు అయిన వెంటనే వేస్తే దారం ముడుచుకుని పైకి పోవడం మామూలేనట. ఎర్రగా కనిపించింది పుండు కాదట, లోపలి మెత్తటి పొర బయటికి వచ్చిందట. చాలామందికి ఉంటుందట. ముఖద్వారం దగ్గర కణాలు తీసి చూసే పాప్ స్మియర్‌లో కొద్దిగా తేడా వస్తే, ఆ చోటుని పెద్దదిగా చేసి చూసే కాల్పోస్కోపీ చేశారు. వెనిగర్ లాంటి మందు పూసినప్పుడు తెల్లబడ్డ చోట చిన్న ముక్క తీశారు. చురుక్కుమంది, అంతే.

రిపోర్టు కోసం పది రోజులు ఎలా గడిచాయో నాకే తెలియదు. సి.ఐ.ఎన్. 1 అని వచ్చింది. డాక్టరుగారు కుర్చీ దగ్గరికి జరుపుకుని, "ఇది కేన్సర్ కాదమ్మా. హెచ్‌పీవీ అనే వైరస్ వల్ల కణాల్లో వచ్చే మార్పు. ఎక్కువమందిలో దానంతటదే పోతుంది. ఏడాది తర్వాత మళ్ళీ చూద్దాం. కాపర్ టీ వల్ల వచ్చింది కాదు, దాన్ని కదపక్కర్లేదు" అన్నారు. ఆవిడ ముందే ఏడ్చేశాను. మొన్న ఏడాది పరీక్షలో హెచ్‌పీవీ లేదని వచ్చింది. అంతర్వేది వెళ్ళి మొక్కు తీర్చుకున్నాను. పాపకి తొమ్మిది నిండాయి, హెచ్‌పీవీ టీకా మొదటి డోసు వేయించాను.

మీలో ఎవరికైనా కలిశాక రక్తం కనిపిస్తే నాలాగా దాచుకోకండి. తీసేయాలంటే ఏ పరీక్ష చూసి తీస్తున్నారో అడగండి. కాగితం చేతికి ఇమ్మనండి.

రిపోర్టు పట్టుకుని పిన్ని దగ్గరికి వెళ్ళాను. చదువు రాకపోయినా కాగితం చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పింది. "ముక్క తీసి చూశాకే చెప్పారా నీకు?" అని అడిగింది. అవునన్నాను.

"మరి నాది ఏం చూసి తీశారే?" అంది.