మా పాత కారుకి రివర్స్ సెన్సర్లు

బెంగళూరు మారతహళ్లిలో మా అపార్ట్‌మెంట్ సెల్లార్ నిండా పిల్లల సైకిళ్లే. నెల కిందట కారు వెనక్కి తీస్తుంటే ఎదురింటి అక్క "ఆగు తమ్ముడూ!" అని అరిచింది. దిగి చూస్తే బంపర్‌కి జానెడు దూరంలో వాళ్ల చిన్నోడు కూర్చుని చైన్ ఎక్కించుకుంటున్నాడు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

కొత్త కార్లకు 2019 జూలై 1 నుంచి, వెనక ఏదైనా దగ్గరగా ఉంటే మోగే సెన్సర్లు తప్పనిసరి. మాది 2014 బండి. శనివారం పొద్దున్నే జేసీ రోడ్‌కి వెళ్లి నాలుగు సెన్సర్ల కిట్ పెట్టించాను.

బంపర్‌కి రంధ్రాలంటే ప్రాణం విలవిల్లాడింది. మెకానిక్ మాత్రం తొందరపడలేదు. చిత్తూరు యాసలో మాట్లాడుతూనే టేపుతో రెండుసార్లు కొలిచి, మాస్కింగ్ టేప్ అంటించి, గుర్తులు పెట్టాకే డ్రిల్ తీశాడు. సెన్సర్ వెనకున్న బాణం గుర్తు పైకే ఉండాలట. తలకిందులైతే నేలను చూసి ఊరికే మోగుతుందట. కరెంటు రివర్స్ లైటు వైరు నుంచి తీశాడు, అందుకే రివర్స్ గేరు వేస్తేనే పనిచేస్తుంది.

మన చెవికి వినపడని అల్ట్రాసోనిక్ శబ్దం వెళ్లి, తగిలి, తిరిగొచ్చే సమయాన్ని బట్టి దూరం లెక్క. సన్నటి ఇనుప కడ్డీలు, బంపర్ కన్నా కిందుండే రాళ్లు సెన్సర్లకు దొరక్కపోవచ్చు. బురద పట్టినా తప్పు చెబుతాయి, రోజూ గుడ్డతో తుడుస్తున్నాను.

ఇప్పటికీ స్టార్ట్ చేసే ముందు దిగి వెనక్కోసారి చూస్తాను. నిన్న ఆ చిన్నోడే పిల్లర్ పక్కన నిలబడి "రా అంకుల్, రా" అంటూ చెయ్యి ఊపాడు.