షైలాక్ మాస్టారు, కెండల్ పిప్పరమెంటు

మన బడి పాతవిద్యార్థుల కలయిక సంచికకి ఏదైనా రాయమని కమిటీవాళ్ళు మూడుసార్లు మెసేజీ పెట్టారు. నాలుగోసారి సీనుగాడు ఫోన్ చేసి "నువ్వు రాయకపోతే తొట్టి సంగతి నేను రాస్తా" అన్నాడు. అందుకని రాస్తున్నా.

నిజం చెప్పాలంటే ఆరు నుంచి తొమ్మిది దాకా నాకేమీ గుర్తులేదు. గుర్తున్నదల్లా పదో తరగతి, 1983, మధ్యాహ్నం మొదటి పీరియడ్, షైలాక్ మాస్టారు. షేక్స్పియర్ 'మర్చంట్ ఆఫ్ వెనిస్' నాటకంలో, బాకీకి బదులు పౌను మాంసం కోసుకుంటానని షైలాక్ కత్తి నూరే ఘట్టం ఆడి చూపించారు. పచారీ కొట్టు నుంచి త్రాసు తెప్పించి బల్ల మీద పెట్టారు, సీనుగాడి చొక్కా గుండీలు విప్పించారు (ఆ బనియను గురించి నేనేమీ అనను), అడుగు స్కేలు చేత పట్టుకుని, కుడికాలి హవాయి చెప్పు విప్పి, దాని అడుగున సర్రు సర్రుమని నూరడం మొదలెట్టారు. సరిగ్గా అప్పుడే హెడ్మాస్టరు గుమ్మంలోకొచ్చారు. మాస్టారు తలెత్తలేదు, నూరుతూనే ఉన్నారు. సీనుగాడు నిజంగానే ఏడ్చాడు, ఇప్పుడు కాదంటాడు గానీ.

ఆ నటనంతా ఆయన మద్రాసులో చదువుకునేటప్పుడు జెఫ్రీ కెండల్ దగ్గర చూసి పట్టిందేనట. భార్యాపిల్లలతో ఇంగ్లండు నుంచి వచ్చి, షేక్స్పియరానా అని కంపెనీ పెట్టుకుని, దేశమంతా తిరుగుతూ మహారాజుల కోటల్లోనూ బడుల్లోనూ ఒకేలా ఆడినవాడు. "మన సురభివాళ్ళు ఇంగ్లీషులో ఆడితే ఎలా ఉంటుందిరా, అలా" అనేవారు మాస్టారు. మనకేం ఎక్కలేదు. "శశికపూర్ మామగార్రా" అన్నాక వెనక బెంచీ మొత్తం లేచి కూర్చుంది.

కెండల్ అసలు ఇంటిపేరు బ్రాగ్. పుట్టిన ఊరి పేరునే ఇంటిపేరు చేసుకున్నాడు. మనలాగే ఊరిపేరు ఇంటిపేరైంది కాబట్టే ఇక్కడికొచ్చి పడ్డాడని మాస్టారి థియరీ.

ఆ తర్వాత ఏమయ్యానో కూడా రాయమన్నారు. పెద్దగా ఏం లేదు, రైల్వే సిగ్నళ్ళ పని, ఇరవయ్యేళ్ళ పైగా ఇంగ్లండులో ప్రెస్టన్లో, అప్పు తీరిపోయిన ఇల్లొకటి. కెండల్ ఊరు అక్కడికి కారులో గంట లోపే. అయినా వెళ్ళడానికి 2011 దాకా తీరిక దొరకలేదు, సిగ్గుపడాల్సిన విషయమే.

రాతి ఇళ్ళు, సన్నని చినుకు. మింట్ కేక్ అమ్మే కొట్లో ఒకామెని జెఫ్రీ కెండల్ గురించి అడిగా. "ఫెలిసిటీ కెండలా? టీవీలో చూసేవాళ్ళం కదా" అంది. వాళ్ళ నాన్నది ఈ ఊరేనంటే "అలాగా" అని చిల్లర లెక్కపెట్టింది. ఆయన వేసిన సినిమాల్లో చెప్పుకోదగ్గవి రెండే మరి. 1965లో 'షేక్స్పియర్ వాలా'లో భార్యా, చిన్నకూతురు ఫెలిసిటీ పక్కన ఉండగా దాదాపు తమ బతుకే ఆడారు. బెర్లిన్ సినిమా పండగలో అవార్డు మాత్రం అందులోనే వేసిన మధుర్ జాఫ్రీకొచ్చింది. 1981లో '36 చౌరంగీ లేన్'లో పెద్దకూతురు జెన్నిఫర్‌కి ముసలి అన్నగా వేశారు. అది చూస్తుంటే నాకు ఆయన కన్నా మాస్టారే ఎక్కువ కనబడ్డారు, ఆ మెడ తిప్పడం అచ్చం అదే. కెండల్ 1998లో పోయారు.

మింట్ కేక్ అంటే కేకు కాదు. పంచదార, గ్లూకోజు, పిప్పరమెంటు నూనె కలిపి పోసిన తెల్లటి పలక. 1953లో హిల్లరీ, టెన్సింగ్ ఎవరెస్టు ఎక్కుతూ తిన్నది ఇదే. ఆ ఏడే కెండల్ కుటుంబం మళ్ళీ మన దేశానికొచ్చింది. నాలుగు పలకలు కొన్నా.

ఆ సంక్రాంతికి మాస్టారింటికెళ్ళి చేతిలో పెట్టా. కళ్ళజోడు పైకి నెట్టి, అట్ట మీద ఊరి పేరు రెండుసార్లు చదువుకున్నారు. మూల విరిచి నోట్లో వేసుకుని చప్పరించి, కాసేపు కళ్ళు మూసుకున్నారు. ఏదో గొప్ప మాట అంటారని చూస్తున్నా.

"ఒరేయ్, ఇది మన గేటు దగ్గర తాత పది పైసలకి ఇచ్చేవాడు కదరా."

పలక మాత్రం నాకు తిరిగివ్వలేదు.

నేను ముందురోజు రాత్రికే దిగుతున్నా. సీనూ, త్రాసు తెచ్చే పూచీ నీదే. బనియను కొత్తది వేసుకో.