ఎల్లోస్టోన్‌లో కారు మనది, గైడు ఫోన్లో: రెండు రోజుల ఆడియో టూర్, నా అనుభవం

అమెరికాలోని ఎల్లోస్టోన్ జాతీయ పార్కు పశ్చిమ గేటు దాటి కొంత దూరం పోగానే ఫోన్లో సిగ్నల్ గీతలు ఒక్కొక్కటే రాలిపోతాయి. ఆడియో టూర్‌తో అసలు పని మొదలయ్యేదే అక్కడినుంచి. లోపలికి వెళ్లాక ఏది చెడినా బాగుచేసుకునే వీలు పెద్దగా ఉండదు. మామత్, ఓల్డ్ ఫెయిత్‌ఫుల్, క్యాన్యన్ విలేజ్ లాంటి చోట్ల కాస్త నెట్‌వర్క్ తగులుతుంది గానీ వేసవి రద్దీలో అది ఉన్నా లేనట్టే. అందుకే ఈ టూర్‌కు పడ్డ శ్రమలో సగం గేటు బయటే పడ్డాను.

ఈ టూర్ పనిచేసే తీరు తేలికే. రోడ్డు పొడవునా మ్యాప్ మీద కంటికి కనిపించని వలయాలు గీసి ఉంటాయి. కారు ఒక వలయంలోకి రాగానే యాప్ జీపీఎస్‌తో పసిగట్టి ఆ చోటి కథ మొదలుపెడుతుంది. చాలా టూర్లలో వలయానికి దిక్కు కూడా ఉంటుంది. ఉత్తరం నుంచి వస్తే మోగేది దక్షిణం నుంచి వస్తే మోగదు. "కుడివైపు నది చూడండి" అన్న మాట ఎదురు దిక్కున వచ్చేవాళ్లకు తప్పవుతుంది కదా. దారిలో వచ్చే తిప్పల్లో చాలావాటికి మూలం ఈ రెండే: ఎక్కడ ఉన్నాం, ఎటు పోతున్నాం.

డౌన్‌లోడ్ ఇంట్లో వైఫై మీదే చేసుకున్నాను. ఫైలు కొన్ని వందల మెగాబైట్లు ఉంటుంది. గేటు ఊళ్లలో హోటల్ వైఫై మీద రాత్రి పది గంటలకు అందరూ అదే పనిలో ఉంటారు. ఆడియో, మ్యాప్ వేర్వేరుగా దిగే యాప్‌లున్నాయి, ఒకదానికి టిక్కు పడితే రెండోదీ దిగిందని అనుకోకూడదు. దిగిందో లేదో తేల్చుకునే పద్ధతి ఒక్కటే. ఫోన్‌ను ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టి, యాప్‌ను పూర్తిగా మూసి, మళ్లీ తెరిచి, టూర్ మొదట్లోంచి ఒకటి, మధ్యలోంచి ఒకటి, చివర్లోంచి ఒకటి కథలు చేత్తో నొక్కి వినాలి. మూడూ పలికితే దిగినట్టే. లాగిన్ అడిగిందంటే మాత్రం పార్కులో చిక్కే, ఇంట్లో ఉండగానే లాగిన్ అయ్యి ఉండాలి.

తర్వాత అనుమతులు. ఐఫోన్‌లో లొకేషన్ ఇవ్వడంతో సరిపోదు, కిందున్న ప్రిసైస్ లొకేషన్ మీట కూడా వేసి ఉండాలి. అది లేకపోతే ఫోన్ మనం ఉన్న చోటును కొన్ని మైళ్ల అటూఇటూగా చెబుతుంది, జలపాతం కథ అడవి మధ్యలో వస్తుంది. ఆండ్రాయిడ్‌లో బ్యాటరీ పొదుపు అసలు శత్రువు. స్క్రీన్ ఆరిన కాసేపటికి యాప్‌ను నిద్రపుచ్చేస్తుంది, పదిహేను మైళ్లు మౌనంగా పోయాక గాని మనకు తెలియదు. సెట్టింగ్స్‌లో ఆ యాప్ బ్యాటరీని అన్‌రిస్ట్రిక్టెడ్ మీద పెట్టాలి. లో పవర్ మోడ్ రెండు రకాల ఫోన్లలోనూ వద్దు.

డేటా లేకపోతే జీపీఎస్ పనిచేయదన్న భయం చాలామందికి ఉంది. అది ఉపగ్రహాల నుంచి నేరుగా వచ్చే సంకేతం, సిమ్‌తో దానికి పని లేదు. అయితే నెట్‌వర్క్ సాయం లేకుండా మొదటిసారి చోటు పట్టుకోవడానికి కొన్ని నిమిషాలు తీసుకోవచ్చు. బయలుదేరే ముందు ఆకాశం బాగా కనిపించే చోట కారు ఆపి, మ్యాప్ మీద నీలం చుక్క కదలకుండా నిలబడేదాకా ఆగితే చాలు. లోపల ఏరోప్లేన్ మోడ్ వేసే ఉంచాను, లేని టవర్ కోసం వెతుక్కుంటూ ఫోన్ చార్జింగ్ ఖాళీ చేయకుండా. ఏరోప్లేన్ మోడ్ వేయగానే కొన్ని ఫోన్లలో బ్లూటూత్ కూడా ఆరిపోతుంది, దాన్ని విడిగా మళ్లీ వేసుకోవాలి.

ఇక దారి. పార్కులోని గ్రాండ్ లూప్ రోడ్డు 142 మైళ్లు, ఆకారం ఇంగ్లిష్ ఎనిమిది అంకె. కింది సున్నా చుట్టు 96 మైళ్లు, పై సున్నా 70. నడుమ గీత నోరిస్ నుంచి క్యాన్యన్ దాకా 12 మైళ్లు, రెండిటికీ ఉమ్మడి (142 అన్నది ఈ గీత కాకుండా బయటి చుట్టు). వేగ పరిమితి ఎక్కువచోట్ల గంటకు 45 మైళ్లు, కొన్నిచోట్ల ఇంకా తక్కువ. లెక్క ప్రకారం 96 మైళ్లు రెండు గంటలకు కాస్త ఎక్కువ. ఆగుతూ పోతే అది పొద్దంతా. మొత్తం ఎనిమిదినీ ఒక్క రోజులో ముగించొచ్చని చెప్పేవాళ్లను నమ్మకండి. ముగుస్తుంది, చూడడం మాత్రం ఉండదు. మొదటి రోజు కింది సున్నా, రెండో రోజు పైది పెట్టుకున్నాను. టూర్‌లో మొదలుపెట్టే చోటు ఎంచుకోమంటే మ్యాడిసన్ జంక్షన్ ఎంచుకున్నాను. గేటు నుంచి 14 మైళ్లు అది.

మ్యాడిసన్ నుంచి దక్షిణంగా ఓల్డ్ ఫెయిత్‌ఫుల్ వైపు దిగడమే మంచిదని నా లెక్క. గ్రాండ్ ప్రిస్మాటిక్ అనే పెద్ద వేడినీటి బుగ్గ ఉన్న మిడ్‌వే గీజర్ బేసిన్ పార్కింగు అప్పుడు కుడి చేతి మలుపు అవుతుంది. ఎదురుగా వచ్చే వరసను కోసుకుని ఎడమకు తిరగడం కన్నా ఎంతో నయం. ఫైర్‌హోల్ క్యాన్యన్ డ్రైవ్ అనే రెండు మైళ్ల వన్‌వే కూడా దక్షిణానికే పోతుంది. మ్యాడిసన్ దాటగానే కుడివైపు దాని నోరు. ఓల్డ్ ఫెయిత్‌ఫుల్ వైపు నుంచి వస్తే అందులోకి వెళ్లాలంటే మ్యాడిసన్ దాకా పోయి వెనక్కి తిరగాలి.

కానీ తిరకాసు ఒకటుంది. కొంచెం కిందికి వెళ్తే ఫైర్‌హోల్ లేక్ డ్రైవ్ అని ఇంకో వన్‌వే తగులుతుంది, అది ఉత్తరానికి పోతుంది. దక్షిణంగా వెళ్లేవాళ్లకు ముందు కనిపించేది దాని బయటి దారి. లోపలికి దారి ఇంకా కింద. అందులోకి వెళ్తే మూడు మైళ్లకు పైగా వెనక్కి ఎక్కి, మళ్లీ పెద్ద రోడ్డు మీద అదే ముక్క కిందికి దిగాలి. యాప్‌కు ఇది అర్థం కాదు. అప్పుడే చెప్పిన కథను మళ్లీ మొదలుపెట్టడమో, మూగబోవడమో చేస్తుంది. వన్‌వేలోకి తిరగకముందే పాజ్ నొక్కి, చుట్టి వచ్చి మళ్లీ దక్షిణ దిక్కు పట్టాక ప్లే నొక్కితే గొడవ ఉండదు. రెండు వన్‌వేలకూ ఒకేసారి కుదిరే దిక్కు లేదు కాబట్టి ఏదో ఒకదానికి ఈ పని తప్పదు.

వేగం సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. గంటకు 45 మైళ్ల మీద ఒక మైలుకు 80 సెకన్లు. రెండు నిమిషాల కథ ముగిసేసరికి కారు మైలున్నర ముందుకు వెళ్లిపోతుంది. టూర్ రాసినవాళ్లు ఈ లెక్కతోనే కథల మధ్య దూరం పెడతారు. అరవై మీద పోతే ఒక కథ ముగియకముందే రెండో వలయం వచ్చేస్తుంది. కొన్ని యాప్‌లు మొదటిదాన్ని మధ్యలోనే నరికేస్తాయి, కొన్ని వరసలో పెట్టి ఆలస్యంగా చెబుతాయి. ఆలస్యంగా చెప్పేవే నాకు ఎక్కువ చిరాకు, ఎడమవైపు చూడమన్న కొండ అప్పటికే వెనకబడి ఉంటుంది. అడవి దున్నలు రోడ్డెక్కి దారి ఆగితే దీనికి తలకిందులు. కథ అయిపోతుంది, కారు కదలదు, యాప్ ఉలకదు పలకదు. చెడిపోయిందని ఆపి మళ్లీ మొదలుపెట్టకండి. వరస కదిలాక అదే అందుకుంటుంది.

కథల్లో కొన్ని నిజంగా చూపు మారుస్తాయి. మ్యాడిసన్ చుట్టుపక్కల లాడ్జ్‌పోల్ పైన్ చెట్లు కొన్నిచోట్ల కత్తిరించి నిలబెట్టినట్టు ఒకే ఎత్తులో ఉంటాయి. 1988 మంటలు పార్కులో మూడో వంతుకు పైగా నేలను తాకాయి. ఈ చెట్ల కాయల్లో కొన్ని జిగురుతో మూసుకుని ఉంటాయి, మంట వేడికి జిగురు కరిగి తెరుచుకుని గింజలు రాలతాయి. అంటే ఆ చెట్లన్నీ ఒకే ఈడువి. చెప్పేదాకా అది కంటికి ఆనదు.

ఓల్డ్ ఫెయిత్‌ఫుల్ దగ్గర ఆడియోను నమ్ముకోవద్దు. ఆ వేడినీటి బుగ్గ (గీజర్) ఎప్పుడు ఎగజిమ్ముతుందో రికార్డు చేసిన గొంతు చెప్పలేదు. సందర్శకుల కేంద్రంలో రాసిపెట్టే సమయం పది నిమిషాల అటూఇటూగా సరిపోతుంది. క్రితంసారి ఎంతసేపు చిమ్మిందో చూసి తర్వాతిది లెక్కకడతారు. రెండున్నర నిమిషాల లోపే ముగిస్తే త్వరగా వస్తుంది, అంతకు మించితే గంటన్నర దాకా ఆగాలి. పార్కింగులోంచే బోర్డు దగ్గరికి వెళ్లి వేళ చూసుకుని, మిగిలిన చెక్కబాట దాన్నిబట్టి నడవాలి. చెక్కబాట దిగకూడదు. కింద నేల పలచటి పెంకు, దాని కింద సలసలా మరిగే నీళ్లు.

ఇక అన్నిటికన్నా ఎక్కువసార్లు వచ్చే లోపం ఈ ఆగే చోట్లలోనే. ఫోన్ జేబులో వేసుకుని చెక్కబాట మీద నడిస్తే టూర్ లోపల నడుస్తూనే ఉంటుంది. మన నడకకు తర్వాతి వలయం తగిలి, కథ జేబులోనే ముగిసి, యాప్ దాన్ని విన్నట్టు గుర్తు పెట్టుకుంటుంది. కారు దిగేముందు పాజ్ నొక్కడం అలవాటు చేసుకోవాలి. తిరిగొచ్చి ఇంజిన్ వేయగానే రెండో లోపం మొదలు: కారు బ్లూటూత్ ఫోన్‌ను అందుకోగానే టూర్ బదులు ఫోన్లో ఉన్న పాటో, రేడియోనో పెట్టేస్తుంది. అందుకని ప్రతి స్టాపు తర్వాత ఇదే వరస పాటించాను: ఇంజిన్ వేయడం, బ్లూటూత్ కలిసేదాకా ఆగడం, టూర్ యాప్ తెరిచి ప్లే నొక్కి ఒక్క మాట వినిపించాక గేరు వేయడం. పార్కింగులో పది సెకన్ల పని ఇది. రోడ్డెక్కాక నడిపేవాళ్లు చేయకూడని పని కూడా.

బ్లూటూత్‌లో ప్రతి కథలో మొదటి ఒకటి రెండు మాటలు మింగేసే కార్లూ ఉన్నాయి. మౌనం తర్వాత స్పీకరు మేలుకోవడానికి కాస్త సమయం పడుతుంది, కథ ఈలోగా మొదలైపోతుంది. తీగ వేస్తే పోయే జబ్బు అది. దారి చూపే మ్యాప్ గొంతు కూడా ఆపేయండి, లేకపోతే ఇద్దరూ ఒకేసారి మాట్లాడతారు. నిజానికి ఎనిమిది అంకె మీద దారి తప్పడం కష్టం, ప్రతి జంక్షన్ దగ్గరా బోర్డులున్నాయి. ఫోన్‌ను అద్దానికి ఎండ తగిలేలా అతికించొద్దు. చార్జింగు, జీపీఎస్, ఎండ మూడూ కలిసి వేడెక్కి మధ్యాహ్నానికి ఆరిపోతుంది. ఏసీ గాలి తగిలే చోట బిగిస్తే ఆ బాధ లేదు.

ఓల్డ్ ఫెయిత్‌ఫుల్ నుంచి వెస్ట్ థంబ్ 17 మైళ్లు. మధ్యలో క్రెయిగ్ కనుమ, ఎత్తు 8,262 అడుగులు. అక్కడ రోడ్డు పక్కనే ఐసా చెరువు, కలువ ఆకులు పరుచుకున్న చిన్న మడుగు. మంచు కరిగే రోజుల్లో దాని నీళ్లు రెండు వైపులా పారతాయి, అదీ తలకిందులుగా. తూర్పు నుంచి పోయేవి చుట్టు తిరిగి పసిఫిక్‌లో కలుస్తాయి. పడమటి నీళ్లు ఫైర్‌హోల్, మిసోరీ నదుల మీదుగా మెక్సికో సింధుశాఖకు చేరతాయి. కథ మొదలయ్యేసరికి చెరువు పక్కకే వచ్చేసి ఉంటాం, ఆగే చోటు చిన్నది. క్రెయిగ్ పాస్ బోర్డు కోసం ముందునుంచే చూస్తూ, కనబడగానే నెమ్మదించాలి.

వెస్ట్ థంబ్ నుంచి 21 మైళ్లు సరస్సు ఒడ్డునే. ఫిషింగ్ బ్రిడ్జ్ దాటాక హేడెన్ లోయ. దున్నలకు 25 గజాలు, ఎలుగులకూ తోడేళ్లకూ 100 గజాలు ఎడం ఉంచాలన్నది నియమం. రోడ్డు మీద ఆపకూడదు, పక్కన ఖాళీ చోటులోకి పూర్తిగా జరగాలి. ఆ తర్వాత క్యాన్యన్‌లో 308 అడుగుల లోయర్ ఫాల్స్ జలపాతం చూడడానికి ఆర్టిస్ట్ పాయింట్‌కు పోయే పక్కదారి చాలు అనుకుంటారు. దక్షిణం నుంచి వచ్చేవాళ్లకు నార్త్ రిమ్ డ్రైవ్ అనే వన్‌వే కూడా దారిలోనే పడుతుంది. ఈ రెండు పక్కదారుల్లోనూ ఆడియోను పాజ్‌లో పెట్టాను, హోరులో అది వినబడదు.

రెండో రోజు నోరిస్ నుంచి మామత్, టవర్ మీదుగా క్యాన్యన్‌కు. ఇటు చెప్పాల్సింది తక్కువ, రద్దీ కూడా తక్కువ. మామత్ దగ్గర అప్పర్ టెర్రస్ డ్రైవ్‌లోకి పెద్ద వాహనాలను రానివ్వరు. టవర్, క్యాన్యన్ మధ్య డన్‌రావెన్ కనుమ 8,859 అడుగులు. మంచు వల్ల ఆ ముక్క మిగతా రోడ్ల కన్నా ఆలస్యంగా తెరుచుకుంటుంది. అది మూసి ఉందని యాప్‌కు తెలియదు, ముందుకే రమ్మంటుంది. రోడ్ల పరిస్థితి నెట్ ఉన్నప్పుడే నేషనల్ పార్క్ సర్వీస్ యాప్‌లో చూసుకుని, అందులోనే పార్కును ఆఫ్‌లైన్‌కు సేవ్ చేసుకుంటే టూర్ యాప్ మొరాయించినా చేతిలో ఒకటి ఉంటుంది.

క్యాన్యన్ నుంచి నోరిస్ దాకా ఆ 12 మైళ్లూ రెండో రోజు యాప్ నోరు మెదపలేదు. నిన్ననే చెప్పేసింది కాబట్టి. మళ్లీ వినాలంటే జాబితాలో ఆ కథ మీద నొక్కాలి, లేదా టూర్‌ను రీసెట్ చేయాలి. రీసెట్ చేస్తే మ్యాడిసన్ నుంచి గేటు దాకా తిరుగు 14 మైళ్లలో కూడా వచ్చేటప్పటి కథలు వినబడే అవకాశం ఉంది, కుడి ఎడమలు తారుమారై. అందుకని అక్కడ టూర్‌ను ఆపేసి, ఏరోప్లేన్ మోడ్ తీసేశాను.