ఇష్యూల దగ్గర ఆగి చూసుకున్నందుకు: మా పొలం దావాలో నా అనుభవం

గుంటూరు జిల్లాలో మా నాన్నగారు 1987లో రిజిస్టరు దస్తావేజుతో కొన్న పొలంలో, బాబాయి పొలాన్ని ఆనుకొని ఉన్న 22 సెంట్ల విషయమై నేను 2019లో జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో దావా వేశాను. బాబాయి గట్టు చెరిపి దున్నించబోయారు కాబట్టి, ఆయన అందులోకి రాకుండా శాశ్వత ఇంజంక్షన్ (నిషేధ ఉత్తర్వు) ఇస్తే చాలుననుకొని అంతవరకే అడిగాము.

ప్రతివాదిగా బాబాయి దావాకు జవాబుగా వేసిన రిటన్ స్టేట్‌మెంట్ వ్యవహారాన్ని మార్చివేసింది. ఆ 22 సెంట్లను నాన్నగారు 1998లో తెల్లకాగితం మీద కరారు రాసి తనకు అమ్మారని ఒక పేరాలోనూ, పన్నెండేళ్లకు పైగా బహిరంగంగా అనుభవిస్తున్నందున తనకే హక్కు ఏర్పడిందని మరొక పేరాలోనూ రాయించారు. అమ్మితే తీసుకున్నానన్నవారే యజమానికి వ్యతిరేకంగా అనుభవించానని కూడా ఎలా అంటారో నాకు నేటికీ అర్థం కాలేదు.

కోర్టువారు మొదట రూపొందించిన ఇష్యూలు, అంటే దావాలో తేల్చవలసిన ప్రశ్నలు, మూడే: దావా నాటికి భూమి వాది స్వాధీనంలో ఉన్నదా, వాది ఇంజంక్షన్‌కు అర్హుడా, ఏ ఉపశమనం ఇవ్వాలి. వాయిదా అయిన మరునాడు ఆ మూడు వాక్యాలు చదివి, అసలు గొడవ హక్కు గురించి అయినప్పుడు ఆ మాటే వీటిలో లేదేమని మా వకీలుగారిని అడిగాను. ఆయన కాసేపు మౌనంగా ఉండి, అది తాను ముందే చూడవలసిన సంగతి అని ఒప్పుకున్నారు. వరంగల్ ప్రాంతం నుంచి వెళ్లిన అనాతుల సుధాకర్ కేసులో సుప్రీంకోర్టు 2008లో చెప్పినది అప్పుడే వివరించారు: హక్కు మీద నిజమైన సందేహం లేవదీసినప్పుడు ఒట్టి ఇంజంక్షన్ దావా సరిపోదు, హక్కు తనదేనని కోర్టు ప్రకటించాలని కూడా కోరాలి, హక్కు గురించి ప్లీడింగూ (కక్షిదారు కోర్టుకు రాసి ఇచ్చిన వాదన) ఇష్యూ లేకుండా కోర్టు దానిని తేల్చదు.

నేను ఇంకా ఛీఫ్ అఫిడవిట్ (నా సాక్ష్యాన్ని ప్రమాణం చేసి రాసి ఇచ్చే పత్రం) దాఖలు చేయకపోవడం మాకు కలిసివచ్చింది; విచారణ మొదలైన తరువాత ప్లెయింటు (దావా పత్రం) సవరణ దొరకడం కష్టం. ప్రకటన కోరడానికి గడువు మూడేళ్లే కనుక ఆలస్యం చేయకుండా 2021లో సవరణ పిటిషన్ వేశాము. కోర్టు ఫీజు ఆస్తి విలువలో సగం మీద లెక్కగట్టి అదనంగా కట్టవలసి వచ్చింది.

తరువాత ఒక సాయంత్రం వకీలుగారి ఆఫీసులో ప్లెయింటునూ రిటన్ స్టేట్‌మెంటునూ పక్కపక్కన పరచుకొని, ఎర్ర పెన్సిలుతో ప్రతి పేరా సరిచూశాము. ఒకరు అవునన్నదాన్ని మరొకరు కాదన్నచోటే ఇష్యూ పుడుతుందనీ, స్పష్టంగా కాదనని మాటను ఒప్పుకున్నట్టే భావిస్తారనీ ఆయన చెబుతుంటే, నాలుగో పేరా దగ్గర నా వేలు ఆగింది. 1987 దస్తావేజు సంగతి రాసిన ఆ పేరాను బాబాయి ఖండించలేదు సరికదా, 'వాది తండ్రి కొనుగోలు చేసిన మాట వాస్తవమే' అని తానే రాయించారు. పోరు మిగిలింది 1998 కాగితం దగ్గర, ఆ తరువాతి అనుభవం దగ్గర మాత్రమే.

దాని ప్రకారం ముసాయిదా ఇష్యూలు దాఖలు చేశాము. డిక్రీ ఇచ్చేలోపు ఎప్పుడైనా ఇష్యూలను మార్చే, చేర్చే అధికారం సివిల్ ప్రొసీజర్ కోడ్ పద్నాలుగో ఆర్డరు అయిదో రూలు కింద కోర్టుకు ఉంది. అవతలి వకీలు అభ్యంతరం చెప్పినా జడ్జిగారు రెండు ప్లీడింగులనూ చదివించుకొని, వాదికి హక్కు ఉన్నదా అన్నదాన్నీ, ప్రతివాది చెప్పిన కరారు నిజమా, అనుభవం వల్ల ఆయనకు హక్కు సిద్ధించిందా అన్నవాటినీ చేర్చారు. ఈ చివరి రెండింటి కిందా 'రుజువు భారం ప్రతివాదిపై' అని రాయించారు. మునుపటి మూడు ఇష్యూలతోనే సాగి ఉంటే, లేని అమ్మకాన్ని లేదని రుజువు చేయడానికి నేనే తంటాలు పడేవాణ్ణి.

సాక్షుల జాబితాకు పదిహేను రోజుల గడువు ఉంది. నాన్నగారి దస్తావేజు మీద సాక్షి సంతకం చేసినవారిలో మిగిలిన ఒకే ఒక్క పెద్దాయనకు ఎనభై దాటాయి, చూపు సరిగా లేదు. ఒప్పుకున్న దస్తావేజును మళ్లీ రుజువు చేయనక్కరలేదు కనుక, జాబితాలో మొదట రాసుకున్న ఆయన పేరును ఆ ఎర్ర పెన్సిలుతోనే కొట్టివేశాము.